నాలుగో మజిలీ దగ్గర రాయి

దక్షిణాఫ్రికాలో డర్బన్ పక్కనున్న చాట్స్‌వర్త్ పేటలో సూబ్రాయన్ ఇంటి వెనక ఒక గ్యారేజీ ఉంది. అందులో ఏనాడూ కారు నిలబడలేదు. ముప్పై ఏళ్లు బస్సు తోలినవాడికి కారు మీద మోజేముంటుందని ఆయన నవ్వి తప్పించుకునేవాడు గానీ, అసలు సంగతి వేరు. కారు పెడితే దారికి అడ్డం.

ఆ సిమెంటు నేల మీద తెల్లరంగుతో వేసిన ఏడు గుండ్రాలు ఉన్నాయి. తలుపు దగ్గర మొదలై ఎడమ గోడ వెంట పోయి, చివర్న మలుపు తిరిగి, కుడి గోడ వెంట మళ్లీ తలుపు దగ్గరికే వస్తాయి. నాలుగో గుండ్రం సరిగ్గా మలుపు మీద పడింది. అందులో పిడికిలంత నల్లటి ఏటిరాయి ఒకటి ఎన్నో ఏళ్లుగా కూర్చుని ఉంది. దాన్ని ఎవరూ తాకరు, ఎవరూ దాటరు. నడిచేవాళ్లంతా అక్కడికి రాగానే పక్కకి ఒరిగి, గోడకి భుజం రాసుకుంటూ తప్పుకుపోతారు. ఆ చోట గోడ సున్నం భుజమెత్తున అరిగి నున్నగా అయిపోయింది. సూబ్రాయన్ భార్య ప్రేమీ శనివారం ఊడ్చేటప్పుడు చీపురు కూడా దాని చుట్టూ ప్రదక్షిణం చేసేది.

దాన్ని నడక గది అనేవాళ్లు. అక్కడ పూజ లేదు, భజన లేదు, హారతి అంతకన్నా లేదు. ఆదివారం భోజనాలయ్యాక పది పన్నెండు మంది చేరేవాళ్లు. ఎవరికైనా తేలని విషయం ఒకటి ఉంటే, అంటే ఉద్యోగం మానాలా, అత్తగారితో వేరుపడాలా, కూతురు చెప్పిన కుర్రాడికి సరేననాలా, ఇలాంటిది ఏదో ఒకటి ఉంటే, ఆ మనిషి ఏటిరాయి ఒకటి చేతపట్టుకుని మొదటి గుండ్రంలో నిలబడాలి. అది గడప. అక్కడ విషయాన్ని ఒక్క వాక్యంలో చెప్పాలి. ఒక్క వాక్యంలో ఇమడకపోతే ఇంటికిపోయి వచ్చే వారం రావాలి. రెండోది ఏరు, అక్కడ భయం చెప్పుకోవాలి. మూడోది సంత, నలుగురూ ఏమంటారో చెప్పుకోవాలి. అనేవాళ్లకి చాట్స్‌వర్త్‌లో ఏం కరువు, అందుకే సంతలో అందరికీ ఆలస్యమయ్యేది. నాలుగోది మలుపు. అవతల ఏముందో తనకి కనబడటం లేదని ఒప్పుకోవాల్సిన చోటు అది. ఆ తర్వాత రేవు, ఓడ ఎక్కితే మళ్లీ దిగడానికి వీల్లేని చోటు. ఆరోది పరాయి ఊరు. తన నిర్ణయంతో ఎవరికి నొప్పి కలుగుతుందో ఆ మనిషి చోట నిలబడి చూడాలి. ఏడోది ఇల్లు. ఇంటికి చేరని తలపు తలపే కాదన్నది వాళ్ల సిద్ధాంతం. బుర్రలో గిర్రున తిరిగేదాన్ని వాళ్లు తలపు అనేవాళ్లే కాదు, ఈగ అనేవాళ్లు.

ఇదంతా మొదలుపెట్టింది పైడమ్మ, సూబ్రాయన్‌కి తాతమ్మ. చెరకు కూలీగా ఒప్పందం మీద ఓడ దిగిన రోజున అందరినీ వరసలో నిలబెట్టి పేర్లు రాసుకుంటుంటే, ఆవిడ నోరు విప్పలేదట. ఏమిటని గద్దిస్తే, "ఒళ్లు ఓడెక్కి ఒచ్చీసింది బాబూ, తలపు ఇంకా యెనకాల నడిచి ఒస్తంది. అది ఒచ్చీదాకా పేరు సెప్పలేను" అందట. పేరు రాసుకునేవాడు ఏం రాసుకున్నాడో తెలియదు. పైడమ్మ మాత్రం ఆ సాయంత్రం నుంచి కూలీలుండే లైను ఇళ్ల ముందు కూర్చుని, చెరకు నరికి వచ్చిన ప్రతివాడినీ "నీ తలపు ఎందాకా ఒచ్చింది?" అని అడిగేది. ఇంకా మా ఏటి ఒడ్డునే ఉందమ్మా అని ఒకడు, సముద్రం మధ్యలో ఉందని ఇంకొకడు చెప్పేవాళ్లు. చెప్పి కాస్త తేలికపడి అన్నానికి లేచేవాళ్లు. ఆ ఒక్క ప్రశ్నే వందేళ్లు నిలిచింది. పుస్తకం లేదు, విగ్రహం లేదు, చందా లేదు. తలపునడక అని పేరు మాత్రం ఉంది.

ప్రశ్న అడిగేవాడిని దారికాపు అనేవాళ్లు. దారికాపు అడగవలసింది "ఎందాకా ఒచ్చినావు?" అన్న ఒక్క మాటే. ఇలా చెయ్యి, అలా చెయ్యి అనకూడదు. కళ్లతో కూడా అనకూడదు. ఒకవేళ నోరు జారాడో, నడిచే మనిషి తన రాయిని అతని కాళ్ల దగ్గర పెట్టి వెళ్లిపోవచ్చు. ఇక ఆ నడక ఆ చెప్పినవాడిది. వాడే రాయి ఎత్తి, మొదటినుంచి నడిచి, ఇల్లు చేరాలి. ఇంకొక నియమం కూడా ఉంది. నేల మీద తేలని రాయి ఉండగా దారికాపు మారకూడదు.

సూబ్రాయన్ ముప్పయ్యొకటో ఏట దారికాపు అయ్యాడు. ఆ పనికి పుట్టినవాడిలా ఉండేవాడు. పొద్దున్నే చాట్స్‌వర్త్ జనాన్ని డర్బన్ మార్కెట్ దాకా దింపడం, సాయంత్రం ఎక్కించుకు రావడం. ఎవరు ఎక్కడ దిగుతారో చూసేవాడే గానీ ఎందుకు దిగుతున్నారో అడిగేవాడు కాదు. ఆదివారం గ్యారేజీలోనూ అంతే. "సూబ్రాయన్ ఎవరికీ ఇది చెయ్యమని చెప్పి ఎరగడు" అని పేట మొత్తం చెప్పుకునేది. మాటిమాటికీ సలహాలిచ్చే ఊళ్లో అదొక పెద్ద బిరుదు. ఆ బిరుదు ఆయనకి నచ్చేది. అయినా ఎవరైనా దాన్ని ఎత్తగానే మాట మార్చేసేవాడు.

ఎందుకంటే ఒకసారి చెప్పాడు. ఒక్కసారే.

అప్పటికి వాళ్లింకా స్ప్రింగ్‌ఫీల్డ్‌లో ఉమ్‌గేని ఏటి పక్కన ఉండేవాళ్లు. మెంతికూర, కొత్తిమీర, చిక్కుళ్లు పండించి మార్కెట్‌కి వేసేవాళ్లు. అక్కడ గుండ్రాలు లేవు, రంగులు లేవు. ఇంటి గడప నుంచి ఏటిదాకా పోయి వచ్చే కాలిబాటే నడక. తండ్రి పోయి, దారికాపుతనం సూబ్రాయన్ చేతికొచ్చి మూడు నెలలైంది. ఈ నేల మీ రంగువాళ్లది కాదు, ఖాళీ చెయ్యండి అని ప్రభుత్వం కాగితం పంపి రెండు నెలలైంది. ఆ రోజుల్లో ఒక సాయంత్రం చెల్లెలు భాగ్యం రాయి పట్టుకుని గడపలో నిలబడింది. ఆమెకి పాతికేళ్లు. మారిట్స్‌బర్గ్ దగ్గర ఎడెండేల్ నుంచి వచ్చి డర్బన్‌లో బల్లలూ కుర్చీలూ చేసే విల్‌ఫ్రెడ్ అనే నల్లజాతి జులూ వడ్రంగిని పెళ్లి చేసుకుని అతనితో వెళ్లిపోవాలా వద్దా అన్నది ఆమె వాక్యం. ఇంట్లో ఇంకెవరికీ తెలియదు. అన్నాచెల్లెళ్లిద్దరే నడిచారు. ఏరు దాటింది, సంత దాటింది. మలుపు దగ్గర, వెదురు పొద పక్కన, ఆగింది. అడగాల్సిన మాట సూబ్రాయన్ నాలుక మీదే ఉంది. నోట్లోంచి మాత్రం "వొద్దు, ఎల్లొద్దు, యెనక్కి రా" అని వచ్చింది.

భాగ్యం ఆయన్ని ఒక క్షణం చూసింది. వంగి, రాయి ఆయన కాళ్ల దగ్గర పెట్టింది. ఆ వారమే వెళ్లిపోయింది.

ఆ ఏడాది చివర్న వాళ్ల ఇల్లు కూల్చి చాట్స్‌వర్త్‌కి తరలించారు. లారీలో సామాన్ల మధ్య కూర్చుని సూబ్రాయన్ ఆ రాయిని ఒళ్లో పెట్టుకొచ్చాడు. గ్యారేజీలో గుండ్రాలు వేసి, నాలుగోదాంట్లో దాన్ని పెట్టాడు. ఇదేమిటని అడిగినవాళ్లకి, "చెల్లెలు సగంలో వదిలేసింది, వచ్చి పూర్తి చేస్తుంది" అన్నాడు. పూర్తిగా అబద్ధం కాదు. నిజం అసలే కాదు. మొదటి ఏడాది రేపు చెబుదాం, ఎల్లుండి చెబుదాం అనుకున్నాడు. పదేళ్లయ్యాక చెప్పడానికి మొహం చెల్లలేదు. ఇరవై ఏళ్లయ్యాక తనే దాదాపు నమ్మడం మొదలుపెట్టాడు. రెండుసార్లు మాత్రం భాగ్యానికి ఉత్తరం రాశాడు, వచ్చి నీ రాయి ఎత్తుకుపొమ్మని. రెండోదానికి క్రిస్మస్ కార్డు వెనక జవాబొచ్చింది. "అది నాది కాదు" అని ఒక్క ముక్క. ఆ కార్డును ఆయన బస్సు లైసెన్సులో మడిచి దాచుకున్నాడు.

ఈ ఒక్క ముల్లు పక్కన పెడితే సూబ్రాయన్ సుఖంగానే బతికాడని చెప్పాలి. ప్రేమీ వండే బీన్స్ కూరంటే ప్రాణం. పెరట్లో కొత్తిమీర మడి, వరండాలో కుర్చీ, బస్సు దిగాక కూడా పేరుపెట్టి పిలిచే వందమంది ఉన్నారు. ప్రేమీది తమిళుల ఇల్లు. ఆమె ఒక్కనాడూ గుండ్రాల్లో అడుగు పెట్టలేదు. "నా ఆలోచన కూర అడుగంటేలోపు అయిపోవాల, మీలాగ ఊరంతా తిరిగి రాలేను" అనేది. టైలరు గోవిందసామిది ఇంకో వాదం. కాలం మారింది, తలపు నడిచే ఎందుకు రావాలి, బస్సెక్కి రాకూడదా, రెండు మూడు మజిలీలు ఎగరగొడితే తప్పేమిటి అని ఇరవై ఏళ్లు వాదించాడు. వాదిస్తూనే ప్రతి ఆదివారం అందరికన్నా ముందొచ్చి మంచి కుర్చీ పట్టుకునేవాడు.

షుగర్ వచ్చి కళ్లు మసకబారడం మొదలయ్యాకే సూబ్రాయన్‌కి అసలు చిక్కు ఎదురైంది. తెల్ల గుండ్రాలు కనబడని రోజు ఎంతో దూరంలో లేదని డాక్టరు మెత్తగా చెప్పాడు. దారికాపుతనం ఎవరికైనా అప్పగించాలి. రాయి ఉండగా అప్పగించడానికి వీల్లేదు. రాయి ఎత్తాలంటే నిజం చెప్పాలి. నిజం చెబితే ముప్పై ఏళ్ల పేరు ఒక్క మధ్యాహ్నంలో పోతుంది. చెప్పకపోతే పైడమ్మ ప్రశ్న ఈ గ్యారేజీలో తనతోపాటే ఆగిపోతుంది. గోవిందసామి ఒకసారి, రాయిని తీసి కొత్తిమీర మడిలో పారేస్తే పోలేదా అన్నాడు. సూబ్రాయన్ అంత కోపం చూపించడం ఎవరూ ఎరగరు. ఆ కోపం రాయి మీద భక్తి అనుకున్నారు అందరూ. భక్తి కాదు, భయం.

తొంభై నాలుగు ఏప్రిల్‌లో ఓట్లు వచ్చాయి. అన్ని రంగులవాళ్లూ ఒకే వరసలో నిలబడి వేసే మొదటి ఓట్లు. బడి గేటు దగ్గర మొదలైన వరస గోడ చుట్టూ తిరిగి, ఆటస్థలం దాటి, రోడ్డు మీదికి వచ్చేసింది. ప్రేమీ మడత కుర్చీ, ఫ్లాస్కు, గుడ్డు శాండ్‌విచ్‌లు తెచ్చింది, తిరునాళ్లకి వచ్చినట్టు. వాళ్ల ముందు ఒక జులూ ముసలావిడ. ఆవిడకి ప్రేమీ కుర్చీ ఇచ్చింది, ఆవిడ ప్రేమీకి నారింజ పండిచ్చింది. నాలుగు గంటలు గడిచేసరికి వాళ్లు గోడ మూలకొచ్చి ఆగారు. ముందు ఎంతమంది ఉన్నారో, ఇంకెంతసేపో ఏమీ కనబడదు. జనం విసుక్కోలేదు. అలా నిలబడి ఉండటమే బాగున్నట్టు ఉన్నారు.

ప్రేమీ వేళాకోళానికి మొగుడి మోచెయ్యి పొడిచి, "ఏమయ్యా, ఎందాకా ఒచ్చినావు?" అంది. ముప్పై ఏళ్లుగా ఆ ప్రశ్న ఆయన అందరినీ అడిగాడు. ఆయన్ని ఎవరూ అడగలేదు. దారికాపుని ఎవరడుగుతారు? సూబ్రాయన్ ఆ మూల వంక చూస్తూ, "భాగ్యం కాడే ఉన్నాను" అన్నాడు. అన్నాక ఆగలేదు. వెదురు పొద, వొద్దన్న మాట, కాళ్ల దగ్గర రాయి, అంతా అక్కడే, నారింజ తొక్క చేతిలో పట్టుకుని, గొంతు తగ్గించి చెప్పేశాడు. ప్రేమీ ఆశ్చర్యపోలేదు. ఆ రాయి చుట్టూ ఇన్నేళ్లు ఊడ్చినదానికి ఆమాత్రం తెలియదా ఏమిటి? "మారిట్స్‌బర్గ్‌కి టాక్సీలు లేవేటి? పో మరి" అంది. ఆమె దారికాపు కాదు కాబట్టి ఎంత సలహా అయినా ఇవ్వొచ్చు. అప్పటికి వరస కదిలింది. ఆ సాయంత్రం ఓటేసి ఇంటికొచ్చి, చేతికి పూసిన కంటికి కనబడని సిరాను ఇద్దరూ కిటికీ వెలుతురులో చాలాసేపు వెతుక్కున్నారు.

శనివారం సూబ్రాయన్ మినీబస్సు టాక్సీ ఎక్కాడు. డ్రైవరు వెనక కూర్చుని, మలుపుల్లో వాడు బ్రేకు వేసే తీరుకి లోలోపల తిట్టుకుంటూ మారిట్స్‌బర్గ్ చేరాడు. రైస్‌థార్ప్ బజారులో దిగి ఒక కొట్టులో మిఠాయి కట్టించుకుని, అక్కడినుంచే భాగ్యం ఇంటికి ఫోను చేశాడు. అరగంటలో ముప్పైకి దగ్గరపడుతున్న ఆవిడ ఒకతె చిన్న కారులో వచ్చింది. రోడ్డుకి అవతల నుంచే ఆయన్ని గుర్తుపట్టి, "మా అమ్మ ముక్కే, ఎక్కు మామా" అంది తెలుగులో. భాగ్యం కూతురు మేవిస్, ఆసుపత్రిలో నర్సు. మేనకోడలిని మొదటిసారి చూడటం. సీటు బెల్టు పెట్టుకోవడం చేతకాక ఆయన తడుముకుంటుంటే ఆమే వంగి పెట్టింది.

ఎడెండేల్‌లో కొండ వాలు మీద ఇల్లు. గుమ్మంలో విల్‌ఫ్రెడ్ నిలబడి ఉన్నాడు, జుట్టంతా తెల్లబడి. ఏ మనిషి వద్దని చెల్లెలికి చెప్పాడో ఆ మనిషి రెండు చేతులతో సూబ్రాయన్ చెయ్యి పట్టుకుని, తను చేసిన కుర్చీ ఒకటి లాగి కూర్చోబెట్టి, టీ పెట్టడానికి తనే లోపలికి వెళ్లాడు. కుర్చీ చాలా బాగుంది. సూబ్రాయన్‌కి సిగ్గేసింది.

భాగ్యం పెరట్లోంచి చేతులు తుడుచుకుంటూ వచ్చింది. "ఒచ్చినావా అన్నా" అంది, నిన్న మొన్న వెళ్లినవాడు వచ్చినట్టు. ఏడుపులేం లేవు. ఇద్దరిదీ ఆ రకం కాదు. అమ్మ పోయినప్పటి సంగతులు, ఎవరికెంతమంది పిల్లలు, షుగర్ మాత్రలు, అన్నీ అయ్యాక కాళ్లు సాగదీసుకుందామని పెరట్లోకి తీసుకెళ్లింది. అక్కడ క్యాబేజీ మడి చుట్టూ సూబ్రాయన్ మసక కళ్లకి ఒక కాలిబాట కనబడింది. నడిచి నడిచి మట్టి గట్టిపడి మెరుస్తోంది. బాట పక్కన అక్కడక్కడా చదునురాళ్లు. లెక్కపెట్టాడు. ఏడు.

విల్‌ఫ్రెడ్ నడిచాడట, మేవిస్ నడిచిందట, వీధిలోవాళ్లు నడిచారట. రెండు పార్టీలవాళ్లు ఒకరి ఇళ్లు ఒకరు తగలబెట్టుకున్న ఆ పాడు ఏళ్లలో, ఉండాలా పారిపోవాలా అని తేలనివాళ్లు ఈ మడి చుట్టూ తిరిగారట. ప్రశ్న జులూలో అడిగేదట భాగ్యం. ఆమెకి పని ఉన్నప్పుడు మేవిస్ అడిగేదట. ఉసుఫికే కుపీ. అంటే ఎందాకా వచ్చావనే. ఇన్నాళ్లూ సూబ్రాయన్ పైడమ్మ ప్రశ్నని తనొక్కడే మోస్తున్నానని అనుకున్నాడు. తను ముప్పై ఏళ్లు ఒక రాయికి కాపలా కాస్తుంటే ప్రశ్న ఇక్కడ తిరుగుతూ ఉంది. చిన్నతనమూ, సంతోషమూ రెండూ ఒకేసారి కలిగాయి. సంతోషమే ఎక్కువ.

"నువ్వొచ్చి ఆ రాయి ఎత్తాల, భాగ్యం. నేను దిగిపోవాల" అన్నాడు చివరికి.

భాగ్యం మడిలోంచి కలుపు మొక్క ఒకటి లాగి పక్కన పడేసింది. "నా నడక నేను ఆ వారమే నడిచేసినాను. రైలు స్టేషను కాడ, ఒక్కదాన్నే, ప్లాట్‌ఫారం మీద. ఇల్లు కూడా చేరినాను, ఇదిగో" అని ఇంటివైపు గడ్డం చూపించింది. "ఆ రాయి నీ కాళ్ల కాడ ఎట్టినాను అన్నా. ఎవులిదో నీకు తెల్దా?"

తెలుసని సూబ్రాయన్ తల ఊపాడు.

"అయితే నువ్వు నడు. అందరి ముందరా నడు. నేనొచ్చి అడుగుతాను. ఇద్దరం సాటుగా ఎత్తీసి ఏట్లో పారేద్దాం అంటే మాత్రం నేను రాను."

ఆయన సరిగ్గా అదే అడుగుదామని వచ్చాడు. చాటుగా ఎత్తేద్దామని. పుట్టినప్పటి నుంచి ఎరిగిన చెల్లెలు కదా, నోరు తెరవకముందే కనిపెట్టేసింది.

తర్వాతి రెండు ఆదివారాలు నడక గది తలుపు తీయలేదు. మోకాలు నొప్పి అని చెప్పాడు. కొత్తిమీర మడికి రోజుకి మూడుసార్లు నీళ్లు పోశాడు. సూబ్రాయన్ ఎవరికీ చెప్పి ఎరగడన్న మాట రేపటినుంచి ఎవరూ అనరు. గోవిందసామి నవ్వుతాడు. తన మాట మీద నమ్మకంతో నడిచిన నాలుగు వందల మందీ తమ నడకలు నిజమైనవేనా అని అనుమానపడతారేమో. ఆ చివరిది ఆయన్ని నిజంగా బాధపెట్టింది. పేరు పోవడం కన్నా అది ఎక్కువ. ఇవన్నీ ప్రేమీకి చెప్పుకుంటే, ఆమె పోపు వేస్తూ, "ఇయ్యన్నీ సంతలోవి కదా? సంతలో ఎన్నాళ్లు నిలబడతావు?" అంది. ఒక్కసారీ గుండ్రాల్లో అడుగుపెట్టని మనిషికి మజిలీలన్నీ కంఠతా వచ్చు. ఆ మధ్యాహ్నమే సూబ్రాయన్ మారిట్స్‌బర్గ్‌కి ఫోను చేశాడు.

మూడో ఆదివారం భాగ్యం వచ్చింది, మేవిస్ కారులో. గ్యారేజీలో పద్నాలుగు మంది ఉన్నారు. రాయి ఆవిడదే, ఎత్తడానికే వచ్చిందని అందరూ లేచి దారిచ్చారు. భాగ్యం పోయి దారికాపు స్టూలు మీద కూర్చుంది. సూబ్రాయన్ మలుపు దాకా వెళ్లి, గోడ పట్టుకుని వంగి, రాయి ఎత్తి, వెనక్కి నడిచి మొదటి గుండ్రంలో నిలబడ్డాడు.

"ఎందాకా ఒచ్చినావన్నా?" అంది భాగ్యం.

"గడపలో ఉన్నాను. మలుపు కాడ నిలబడిన నా చెల్లెలికి ఎల్లొద్దని సెప్పినాను."

వాక్యం ఒక్కటే. అందరికీ అర్థమైంది. ఎవరో కుర్చీలో కదిలారు. ఆయన ఆగకుండా ఏటి దగ్గరికి నడిచాడు. భాగ్యం మళ్లీ అడిగింది.

"నాయిన పోయినాడు. ఇల్లు పోతాది, మడి పోతాది అని కాయితం ఒచ్చింది. నువ్వు కూడా పోతావని బయపడినాను" అన్నాడు. ఇది ఆయనకే కొత్తగా తెలిసిన సంగతి. ఆ సాయంత్రం తను చెల్లెలి మంచి కోసమే అన్నాననుకుంటూ వచ్చాడు ఇన్నేళ్లూ.

సంత దగ్గర నిలబడలేదు. నలుగురూ అక్కడే ఉన్నారు కదా, ఏమంటారో వాళ్లే అనుకుంటారు. నాలుగో గుండ్రం ఖాళీగా ఉంది. రాయి ఉన్న చోట సిమెంటు కొత్తదానిలా తెల్లగా ఉంది. ఆయన అందులో నిలబడ్డాడు. భాగ్యం తొందరపెట్టలేదు. కొంతసేపయ్యాక అదే గొంతుతో అదే మాట అడిగింది. ఆయన ఆ రోజు అడగాల్సిన మాట, అడగాల్సిన చోట.

"ఇక్కడే ఉన్నానమ్మా, అప్పుటినుంచీ" అన్నాడు సూబ్రాయన్. "నువ్వు సుకంగా ఉంటావని నాకు అగుపడలేదు. అదొక్కటీ అగుపడలేదు."

భాగ్యం కళ్లు తుడుచుకుంది గానీ ఏమీ అనలేదు. దారికాపు అనకూడదు. రేవు దాటి, పరాయి ఊరికి వచ్చి ఆమె చోట నిలబడ్డాక ఏం చూశాడో ఆయన పైకి చెప్పలేదు. ఆ గుండ్రంలో పైకి చెప్పితీరాలన్న నియమం లేదు. ఏడో గుండ్రంలోకి వచ్చి, "ఒచ్చీసినాను" అన్నాడు. ఆమె లేచి ఆయన చేతిలోంచి రాయి తీసుకుంది.

ఎవరు ముందు మాట్లాడతారా అని అందరూ గోవిందసామి వైపు చూశారు. ఆయన కోటు భుజం మీద అంటుకున్న సున్నం దులుపుకుంటూ లేచాడు. "ముప్పై ఏళ్లు ఆ గోడకి రాసుకుని ఎన్ని కోట్లు పాడు చేసుకున్నానయ్యా, నీ రాయి కోసమా?" అన్నాడు. గది గదంతా ఫక్కున నవ్వింది. సూబ్రాయన్ అందరికన్నా గట్టిగా నవ్వాడు. నడిచినవాళ్లెవరూ తమ నడకల మీద అనుమానపడలేదు. దారి తప్పి తిరిగొచ్చినవాడే దారి కాయాలి అని ఒక ముసలావిడ తేల్చేసింది. ఇక పేటలో మిగతా మాటలంటారా, వారం రోజులు అనుకున్నారు, తర్వాత వేరే విషయం దొరికింది.

ఆ సాయంత్రం అన్నాచెల్లెళ్లు స్ప్రింగ్‌ఫీల్డ్ వెళ్లి, ఒకప్పటి మెంతికూర మళ్ల మీద లేచిన ఫ్యాక్టరీ షెడ్ల వెనకగా ఏటి ఒడ్డుకి దిగి, రాయిని నీళ్లలో వేసి వచ్చారు. తేలిన రాయిని ఏటికి తిరిగి ఇచ్చెయ్యాలి, అది కూడా పైడమ్మ పెట్టిన పద్ధతే.

దారికాపుతనం మేవిస్‌కి వచ్చింది. నెలకి రెండు ఆదివారాలు డర్బన్ వచ్చి అడిగేది, వచ్చినవాళ్లను బట్టి ఇంగ్లీషులో, జులూలో, పెద్దవాళ్లనైతే వాళ్లమ్మ నేర్పిన తెలుగులో. మొదటి ఆదివారమే ఆమె ఒక చిత్రం చూసింది. రాయి లేదు. అయినా నడిచే ప్రతివాళ్లూ నాలుగో గుండ్రం దగ్గరికి రాగానే పక్కకి ఒరిగి, గోడకి భుజం రాసుకునే పోతున్నారు. కాళ్లకి అలవాటైపోయింది. మేవిస్ నవ్వాపుకుని ఊరుకుంది. చెప్పకూడదు కదా.

సూబ్రాయన్ కూడా అంతే. కళ్లు బాగా మందగించాక ఒక ఆదివారం, తన కంటి ఆపరేషన్ సంగతి తేల్చుకోవడానికి రాయి పట్టుకుని నడుస్తూ, అలవాటు చొప్పున గోడవైపు ఒరిగాడు. భుజం నున్నటి సున్నానికి తగిలింది.

"ఉసుఫికే కుపీ, మామా?" అంది మేవిస్.

ఆయన ఆగాడు. ఎక్కడున్నాడో గోడ చెప్పింది. తనలో తనే నవ్వుకుని, గోడ వదిలిపెట్టి, రెండు పాదాలూ గుండ్రం మధ్యలో ఆనించి నిలబడ్డాడు.

"మలుపు కాడున్నానమ్మా. ఏటీ అగుపడ్డం లేదు" అన్నాడు హాయిగా.